దొర కోటు కిరాయికి: నల్లగొండ వేషాల దుకాణానికి నా నాలుగు స్టార్లు

నల్లగొండ గడియారం సెంటర్ నుంచి ప్రకాశం బజార్ దిక్కు నడుస్తుంటే, గాజుల దుకాణాలు దాటినంక ఒక సందు వస్తది. ఆ సందుల ఇరుకు మెట్లెక్కి పైకి పోతే వేషాల దుకాణం. పేరేందంటే చెప్పలేను. బోర్డు మీద 'డ్రెస్సులు కిరాయికి ఇవ్వబడును' అన్న ముక్క తప్ప మిగిలిందంతా ఎండకు తెల్లబడ్డది. ఊర్ల అందరు వేషాల దుకాణమనే అంటరు. అట్ల అడిగితే పాన్ డబ్బా ఆయన కూడా తొవ్వ చూపిస్తడు.

ఆన్‌లైన్ల ఈ దుకాణానికి ఎవరో ఒక్క స్టార్ ఇచ్చి, 'డిపాజిట్ల పైసలు పట్టుకున్నరు' అని రాసిండ్రు. అది నిజమే, నావి కూడా పట్టుకున్నరు. అయినా ఒక్క స్టార్ దుకాణం కాదిది. మూడేండ్లు ఈడ దొర వేషం కిరాయికి తెచ్చుకున్న మనిషిగ కొంచెం వివరంగ రాస్త. మధ్యల ఆర్ఆర్ఆర్ సినిమాల దొర వేషమేసిన బ్రిటిష్ నటుడు రే స్టీవెన్‌సన్ ముచ్చట పెద్దగనే వస్తది. ఓపిక లేనోళ్లు కింద రేట్లు రాసిన కాడికి పోండ్రి.

నేను కనగల్ దిక్కు ఒక జిల్లా పరిషత్ హైస్కూల్ల పీఈటీని. ఎత్తు ఆరడుగుల ఒక అంగుళం. నా గొంతు గ్రౌండు ఈ చివర నుంచి ఆ చివరకు ఇనబడ్తది. గిసొంటోనికి స్కూలు నాటకంల ఏ వేషం ఇస్తరో వేరే చెప్పాల్నా? ప్రతి ఆగస్టు పదిహేనుకు నేనే తెల్లదొర. తెలుపు ఒక్కటే తక్కువ, దాని సంగతి పౌడరు డబ్బా చూసుకుంటది.

అసలు మా దిక్కు తెల్లదొరల పాలనే లేకుండె. మాది నిజాం రాజ్యం. బ్రిటిషోళ్ల రెసిడెంట్ హైదరాబాద్‌ల కోఠిల కూసునేటోడు. నల్లగొండ పల్లెలకు దొర అంటే గడీల దొరే. ఈ సంగతి తర్వాత అక్కరకొస్తది, యాదిల పెట్టుకోండ్రి.

2022 మార్చి 25న ఆర్ఆర్ఆర్ వచ్చింది. జూన్ల బడి తెరవంగనే పిల్లలు ఒకటే పట్టు. 'సార్, ఈసారి మీరు స్కాట్ దొర కావాలె.' గవర్నర్ స్కాట్ బక్స్‌టన్. థియేటర్ల నేను కూడా ఆయన సచ్చినప్పుడు ఈల ఏసినోన్నే. సరే అని, పన్నెండు నిమిషాల చిన్న నాటకం సొంతంగ రాసుకొని, శిస్తు కట్టలేని రైతును దొర నిలబెట్టి అడిగే సీను పెట్టుకొని, వేషం కోసం ఈ మెట్లెక్కిన.

దుకాణం అన్నకు అరవై ఐదు దాటినయి. వాళ్ల నాయన చిందు బాగోతం ఆడేటోళ్లకు కిరీటాలు, భుజకీర్తులు చేసి ఇచ్చేటోడట. ముఖాలకు అర్దళం, సఫేదా పూసుకునే కాలం. ఆ చెక్క కిరీటాలల్ల ఒకటి ఇప్పటికీ కౌంటర్ పైన మేకుకు ఉంటది. దాన్ని ఎంతిచ్చినా కిరాయికి ఇయ్యడు. కింద మాత్రం చిన్న కృష్ణుల పింఛాలు, గాంధీ తాత కండ్లద్దాలు, ఝాన్సీ రాణి కత్తులు, పెండ్లికొడుకుల షేర్వాణీలు అన్ని ఒకదాని మీద ఒకటి. నాఫ్తలిన్ గోలీల వాసన మెట్ల కాడికే వస్తది.

నన్ను చూడంగనే అన్న ఎర్రకోటు దింపిండు. బంగారు రంగు గుండీలు, భుజాల మీద కుచ్చులు. బ్యాండు మేళపోళ్లు ఏసుకునే బాపతు.

'అన్నా, ఇది 1857 నాటి వేషం. మాది 1920 కథ. అప్పటికి తెల్లోళ్ల పటాలాలన్ని ఖాకీల పడ్డయి' అన్న.

'సార్, ఖాకీ ఏస్తే జనం మిమ్మల్ని ఎస్సై సారు అనుకుంటరు. స్టేజీ మీద దొర అంటే ఎర్రగ అగుపడాలె' అన్నడు.

ఆయన మాట తీసిపారేసేది కాదు. ముప్పై గజాల దూరంల ప్లాస్టిక్ కుర్చీల కూసున్న మనిషికి చరిత్ర కనబడదు, రంగే కనబడ్తది. ఎర్రకోటే తెచ్చుకున్న. ఏసుకున్నంక కోటుకు తగ్గట్టు ఒర్రిన. కాళ్లు నేలకేసి కొట్టిన, కర్ర తిప్పిన, మైకు కీసుమనేదాక అరిసిన. చప్పట్లు మస్తుగ కొట్టిండ్రు. సర్పంచ్ శాలువా కప్పిండు.

చాయ్ తాగుతుంటే ఒక ముసలమ్మ నా కాడికొచ్చింది. ఆమె మనుమరాలు మా బడిల తొమ్మిదో తరగతి. 'బిడ్డా, మంచిగనే ఏసినవు గని దొర గట్ల ఒర్రడు' అన్నది. 'మరెట్లుంటడు అవ్వా?' అంటే, 'ఒర్రితే దొర కింద ఉండే సేర్దారు ఒర్రుతడు. దొర గడీ అరుగు మీద కూసోని మెల్లగ అంటడు. ఆయన మెల్లగ అంటేనే మాకు పానం పోయేది' అన్నది. రజాకార్ల నాడు ఆమెకు పదేండ్లట. ఆమె నాటకం గురించి మాట్లాడలే, చూసిన మనిషిని చెప్పింది.

ఆ రాత్రి ఇంటికొచ్చి స్కాట్ దొర సీన్లు ఫోన్ల మళ్లీ పెట్టుకున్న. అప్పుడు తెలిసింది, థియేటర్ల ఈలల మధ్యల నేను ఏం చూడలేదని. మొదట్ల, బిడ్డను ఎత్తుకపోతుంటే అడ్డమొచ్చిన తల్లికి సిపాయి తుపాకి గురిపెడ్తడు. దొర ఆపుతడు. ఆపింది జాలితోని కాదు. ఆ తూటా ఇంగ్లండుల తయారై, సముద్రాలు దాటి ఈడికి చేరేసరికి ఎంత ఖర్చయ్యిందో లెక్క చెప్తడు. గింత ఖరీదైన తూటా దీనికెందుకు దండగ అన్నట్టు చూస్తడు. గొంతు పెంచడు. కిరాణా దుకాణంల షావుకారు ఖాతా చదివినట్టే చదువుతడు. ఆ తర్వాత సిపాయి చెట్టు కొమ్మ ఎత్తుతడు. సినిమా చివర్ల అదే తూటా లెక్క దొర మీదికే తిరిగొచ్చినప్పుడు మనం లేచి నిలబడి అరుస్తం. ఎందుకంటే మొదట్ల ఆ మనిషి అరవలేదు. ఆయన అప్పు పెట్టిపోయిండు, చివర్ల హీరోలు వసూలు చేసిండ్రు.

అవ్వ చెప్పిన దొర గీయనే. పేరు రే స్టీవెన్‌సన్.

ఇగ ఆ మనిషి ఎవరు, ఏడికెళ్లి వచ్చిండు అని పట్టుకున్న. పుట్టింది 1964 మే 25న, ఉత్తర ఐర్లండుల లిస్బర్న్ అన్న ఊర్ల. ఎనిమిదేండ్లప్పుడు ఇంటోళ్లు ఇంగ్లండుల న్యూకాసిల్ దిక్కు వచ్చిండ్రు. చిన్నప్పటి సంది నటుడు కావాల్నని ఉన్నా, అది మనసొంటోళ్లకు అయ్యే పని కాదని పక్కకు పెట్టిండట. ఈ మాట ఏ దేశంల అయినా ఒకటే తీరుగ ఉంటదేమో. బొమ్మల చదువు చదివి, లండన్ల ఒక ఆర్కిటెక్టుల ఆఫీసుల ఇంటీరియర్ డిజైనర్ కొలువు చేసిండు. ఇరవై ఐదేండ్లప్పుడు నాటకంల జాన్ మాల్కోవిచ్ అన్న అమెరికా నటున్ని చూసి, ఇగ ఆగలేక కొలువు ఇడిసిపెట్టిండు. బ్రిస్టల్ ఓల్డ్ విక్ థియేటర్ స్కూల్ల చేరి బయటికొచ్చేసరికి ఇరవై తొమ్మిది నిండినయి. మనకాడ ఇరవై తొమ్మిదికి హీరోలు పాతబడిపోతరు, ఆయన అప్పుడు సంచి సదురుకొని బయలుదేరిండు.

ఇది చదువుతుంటే నాకు మా తుంగతుర్తి ప్రభాకర్ రెడ్డి గారు యాదికొచ్చిండు. ఉస్మానియాల డాక్టరు చదివి, స్టెతస్కోపు పక్కకు పెట్టి సినిమాలకు పోయిన మనిషి. జడ్జీ అయినా, జమీందారైనా, విలన్ అయినా ఆయన వచ్చి నిలబడితే సీనుకు ఒక బరువు వచ్చేది. గుడిబండ కాంతారావు గారిని అందరు తలుస్తరు, కత్తి పట్టిన హీరో కాబట్టి. ప్రభాకర్ రెడ్డి గారి పేరు చెప్తే మా పిల్లలకు ఫొటో చూపియ్యాలె. క్యారెక్టర్ ఆర్టిస్టు బతుకే అంత. ముఖం అందరికి ఎరుక, పేరు ఎవ్వరికి నోటికి రాదు. స్టీవెన్‌సన్‌ది కూడా గదే సంగతి. మా స్టాఫ్ రూముల 'రే స్టీవెన్‌సన్' అంటే ఎవరన్నరు, 'స్కాట్ దొర' అంటే నలుగురు ఒక్కసారే తలలెత్తిండ్రు.

దసరా సెలవులల్ల ఆయన చేసిన రోమ్ అన్న ఇంగ్లీషు సీరియల్ మొదలుపెట్టిన. రెండు సీజన్లు కలిపి 22 భాగాలు, 2005ల మొదటిది, 2007ల రెండోది. రోమ్ నగరంలనే, సినిచిట్టా స్టూడియోల పెద్ద సెట్టింగులేసి తీసిండ్రు. ముందుగాల చెప్తున్న, ఇంట్ల అందరి మధ్యల పెట్టుకునే సీరియల్ కాదు. నేను హాల్ల పెట్టి రెండు నిమిషాలకే రిమోట్ కోసం ఎతికిన. స్టీవెన్‌సన్ అండ్ల టైటస్ పుల్లో అన్న మామూలు సిపాయి. ఈ పుల్లో, వొరీనస్ అన్న పేర్లు సీజర్ తన యుద్ధాల మీద రాసుకున్న పుస్తకంలయే. ఇద్దరు సెంచూరియన్ల, అంటే రోమ్ దళాల పెద్దల, పేర్లు కొన్ని వరుసలల్ల వచ్చి పోతయి. ఆ పేర్లు పట్టుకొని సీరియలోళ్లు ఇద్దరు దోస్తుల కథ అల్లిండ్రు. వొరీనస్‌గ కెవిన్ మెక్‌కిడ్ చేసిండు.

పుల్లోను చూస్తే, తూటా లెక్క చెప్పిన మనిషి ఈయనేనా అని నమ్మబుద్ధి కాదు. తాగుతడు, కొట్లాడతడు, నోరంత తెరిచి నవ్వుతడు, తప్పు చేసి దొరికిన పిల్లగాని లెక్క తల వంచుతడు. మొదటి సీజన్ చివర్ల ఆయన్ని అఖాడాల చావుకు ఇడిసిపెట్టే భాగం ఉంది. కొట్లాడ మనసు లేక కింద కూసుంటడు. ఎదుటోళ్లు ఆయన్ని తిట్టినా పలుకడు. ఆయన పటాలం పదమూడోది. దాన్ని తిట్టేసరికి లేస్తడు. నేను పీఈటీని, మనిషి నేల మీదికెళ్లి ఎట్ల లేస్తడో రోజు చూస్త. ఆ లేసుడుల తొడ, నడుము, మెడ ఒకదాని ఎనుక ఒకటి మేల్కొన్నయి. అది డైరెక్టర్ చెప్పి చేయించేది కాదు. ఆ ఒక్క ముక్క నేను ఎన్నిసార్లు ఎనుకకు జరిపి చూసిన్నో లెక్క లేదు. మా పిల్లలకు కబడ్డీల రైడ్ ఎత్తుకునే ముందట ఎట్ల లేవాల్నో చెప్పనీకి అదే చూపిచ్చిన, చుట్టుపక్కల రక్తం కనబడకుండ ఫోను సగం చెయ్యితోని మూసి.

2004ల వచ్చిన కింగ్ ఆర్థర్ సినిమాల ఆయన డాగొనెట్ అన్న వీరుడు. గడ్డకట్టిన సరస్సు మీద శత్రువులు దిగంగ, గొడ్డలితోని ఆ మంచును పగలగొట్టి పానమిస్తడు. మాటలు చానా తక్కువ. 2000ల ఇంగ్లండుల యార్క్ మిన్‌స్టర్ చర్చిల మిస్టరీ నాటకాలు, అంటే బైబిల్ కథల నాటకాలు, ఆడితే అండ్ల ఏసు వేషం ఆయనదే. ఏసుగ చేసినాయన మనకాడ కొరడా దొరగ వచ్చిండన్న మాట.

ఇగ పెద్ద సినిమాల సంగతికొస్తే నాకు కోపం. పనిషర్ అన్న కామిక్ పుస్తకాల హీరో మీద ఒక సినిమా ఈయన్నే హీరోగ పెట్టి 2008ల తీసిండ్రు, పైసలు రాలే. 2011ల మూడు వచ్చినయి. కిల్ ది ఐరిష్‌మన్ల క్లీవ్‌లాండ్ గూండా డానీ గ్రీన్‌గ కథంత తానే మోసిండు, అది చూడండ్రి. త్రీ మస్కెటీర్స్‌ల పోర్థోస్. థోర్ల వోల్‌స్టాగ్, తిండిపోతు వీరుడు. మూడో థోర్ సినిమా వచ్చేసరికి, 2017ల, ఆ వోల్‌స్టాగ్‌ను రాంగ రాంగనే సంపి పక్కకు పడేసిండ్రు. ముక్కుల పొడి పీల్చే అంత సేపు కూడా లేదు. ఆయనకు అన్నం పెట్టినయి సీరియళ్లే. డెక్స్‌టర్ ఏడో సీజన్ల ఉక్రెయిన్ మాఫియా పెద్దమనిషి ఐజాక్ సిర్కో, బ్లాక్ సెయిల్స్‌ల నల్ల గడ్డం సముద్రపు దొంగ ఎడ్వర్డ్ టీచ్. సిర్కో కూడా మెల్లగ మాట్లాడే మనిషే. ఆర్ఆర్ఆర్ దొరకు పదేండ్ల ముందట ఆ గొంతు ఈడనే సాన పట్టినట్టుంది.

దుకాణం రివ్యూ రాస్త అని గీడిదాక వచ్చిన. వోల్‌స్టాగ్ పొట్ట కాడ మళ్లీ దుకాణం వస్తది, ఆగండ్రి.

స్టీవెన్‌సన్ గంత ఎత్తు మనిషి అయ్యుండి కూడా ఆ తిండిపోతు వేషానికి ఒంటికి దిండు లెక్క కట్టుకున్నడు. 2023 ఆగస్టుకు నేను ఖాకీ కోటే కావాలని పట్టువట్టిన. ఖాకీ అన్న మాట ఎక్కడిదో అన్నకు చెప్పిన, ఖాక్ అంటే ఉర్దూల దుమ్ము, మనకాడి మాటే ఇంగ్లీషోళ్ల కోటుకు ఎక్కింది అని. 'దుమ్ము కోటుకు దుమ్ము ధరనే తీసుకుంట తీయండ్రి' అని నవ్వి, పైన అటక మీదికెళ్లి ఒక మూట దింపిండు. మందపు బట్ట, నాలుగు జేబులు, తోలు పట్టీ. భుజాల కాడ పట్టింది, నడుము కాడ సంచి లెక్క వేలాడింది. ఎప్పుడో ఎవరో లావు మనిషికి కుట్టిచ్చిందట.

అప్పుడు లోపలికెళ్లి వదినె వచ్చింది. ఈ దుకాణంల అసలు నటి ఆమెనే, ఎన్నడు ముందటికి రాదు. నా చుట్టు ఒకసారి తిరిగి చూసింది. టేపు పెట్టలే. 'సార్, కోటు తక్కువ చేస్తే మళ్ల లావోళ్లు వస్తే ఎట్ల? మీకే పొట్ట పెడ్త' అన్నది. పాత బొంతల పత్తి తీసి, బనీను లోపల రెండు పొరలు కుట్టి, ఎనుక నాలుగు నాడాలు పెట్టింది. మిషన్ మీద ఇరవై నిమిషాలు. మెత్తటి పొట్ట పెట్టలే, కింద కొంచెం బరువు ఉండాలని అడుగున చీర అంచు ముక్కలు మడిచి పెట్టింది. 'బరువు లేకపోతే పొట్ట మీది మాట ఇనదు, ఎగురుతది' అన్నది. ఏసుకొని నడిస్తే నా నడకనే మారిపోయింది. పీఈటీ నడక పోయి, ఎన్నడు పరిగెత్తని మనిషి నడక వచ్చింది. నేను ఏం నటించలేదు, వదినె అంచు ముక్కలు నటించినయి. దీనికి ఆమె తీసుకున్నది 60 రూపాయలు.

ఆ యేడు మే నెలల సంగతి ఒకటి చెప్పాలె. మేనల్లుని పెండ్లికి షేర్వాణీ చూడనీకి ఈ దుకాణానికే పోయిన. మెట్ల మీద ఉండంగ ఫోన్ల వార్త వచ్చింది. స్టీవెన్‌సన్ మే 21న పోయిండు. ఇటలీల ఇస్కియా అన్న దీవిల షూటింగుకు పోయిండు, ఆడనే. ఇంక నాలుగు రోజులైతే 59 నిండేటియి.

'మన దొర పోయిండన్నా' అన్న.

'ఎవరు సార్, కలెక్టర్ సారు ట్రాన్స్‌ఫరా?' అన్నడు.

చెప్పిన. ఫోన్ల ఫొటో చూపిచ్చిన. అన్న కండ్లద్దాలు నెత్తి మీదికెళ్లి దింపుకొని చానాసేపు చూసిండు. 'ఈయన కోటు భుజాల మీద మంచిగ కూసున్నది చూడండ్రి' అన్నడు. అంతే. మళ్లీ షేర్వాణీల బేరంల పడ్డం. ఆర్ఆర్ఆర్ వాళ్లు పెట్టిన ఫొటో తర్వాత చూసిన. 56 ఏండ్ల వయసుల కష్టమైన స్టంటుకు కూడా ఎనుకాడలేదని రాసిండ్రు. నాకు అప్పుడు 51. పిల్లలకు హై జంప్ చూపియ్యాలంటే ఏదో సాకు చెప్తున్న కాలం. సిగ్గనిపిచ్చింది.

ఆగస్టు పదిహేనున ఖాకీల స్టేజీ ఎక్కిన. ఈసారి ఒర్రలే. కుర్చీల కూసోని, రైతు వేషమేసిన పిల్లగాని దిక్కు చూడకుండ, కాగితం చూసుకుంట శిస్తు లెక్క చదివిన. మైకు ఆయన గొంతు పెంచుమని సైగలు చేసిండు, నేను చూడనట్టే ఉన్న. మెల్లమెల్లగ కుర్చీల చప్పుడు బంద్ అయ్యింది. ముందట కూసున్న చిన్న పిల్లలు కూడా నోర్లు మూసిండ్రు. సరిగ్గ అప్పుడే కుడిదిక్కు మీసం ఊసి వచ్చింది.

మీసం సంగతి దుకాణం తప్పే. మీసం అతికిచ్చే స్పిరిట్ గమ్ సీసా పాతది, మూత సరిగ్గ లేక సగం చిక్కబడి ఉండె. తీసుకునేటప్పుడే అడిగిన, 'పని చేస్తది సార్' అన్నడు. ఎండల చెమట పట్టేసరికి ఇడిసిపెట్టింది. నాకు ఏం తోచలే. దొర అయితే ఏం చేస్తడు అనుకున్న. దొర కంగారుపడడు. జేబుల దస్తీ తీసి, మీసం మొత్తం ఊడదీసి, దస్తీల మడతపెట్టి, జేబుల పెట్టుకొని, ఆపిన కాడికెళ్లి లెక్క చదివిన. ఒకరిద్దరు నవ్విండ్రు, మిగిలినోళ్లు అది నాటకంల ముక్కనే అనుకున్నరు. మా హెడ్మాస్టర్ సారు ఇప్పటికీ 'మీసం తీసేసే సీను మస్తుగ రాసినవయ్యా' అంటడు. నేను కాదని చెప్పలే.

అవ్వ ఏమన్నదో రాద్దామంటే, ఆ యేడు ఆమె దేవరకొండల బిడ్డ కాడ ఉన్నది.

కోటు వాపసు ఇచ్చినప్పుడు కఫ్ గుండీ ఒకటి లేదని డిపాజిట్ల 200 పట్టుకున్నడు. గుండీ ఖరీదు పది రూపాయలు. గొడవ పెట్టుకున్న. 'సార్, ఇది గుండీ పైసలు కాదు. ఒక్క గుండీ కోసం ఆరు గుండీలు మార్చాలె, లేకపోతే జత కలవది' అన్నడు. వాదన మంచిగనే ఉంది గని ఆరు గుండీలకైనా 60 అయితది. ఈ లెక్క ఆయనకు ఇప్పటిదాక తెగలేదు. నాకూ తెగలేదు.

ఆ నెలనే అసోకా అన్న స్టార్ వార్స్ సీరియల్ మొదలైంది. స్టీవెన్‌సన్ చేసిన బేలన్ స్కోల్ పాత్ర ఆయన పోయినంక మూడు నెలలకు తెర మీదికి వచ్చింది. మొదటి భాగం చివర్ల మా దోస్తు రే కోసం అని ఒక వరుస పడ్తది. స్టార్ వార్స్ కథ నాకు అర్థం కాదు, ఎవరు ఎవరి శిష్యుడో మా కొడుకు చెప్పాలె. అయినా ఆ తెల్ల గడ్డం మనిషి చెయ్యి ఎనుక కట్టుకొని నడుస్తుంటే, ఆ కోటు భుజాల మీద మంచిగ కూసున్నది. దుకాణం అన్న అన్న మాటే.

2024ల మళ్లీ పోతే గమ్ సీసా కొత్తది ఉండె, సీల్ నా ముందటనే తీసిండు. ఆ యేడు దొర టోపీ కూడా ఇచ్చిండు. చేతిల పెడితే బరువే తెల్వలే. ప్లాస్టిక్ అనుకున్న, కాదు, బెండు. మన పెండ్లిళ్లల్ల బాసింగాలు కట్టే బెండుతోనే ఆ కాలంల తెల్లోళ్ల టోపీలు చేసేటోళ్లు. లోపల బెండు, మీద ఖాకీ గుడ్డ. దానికి వేరే 300 డిపాజిట్, వానల తడుపొద్దు, పిల్లల చేతికి ఇయ్యొద్దు. ఆ షరతు న్యాయమే.

ఇగ రేట్లు, నాకు పడ్డయి రాస్తున్న, మీకు అటు ఇటు కావచ్చు. దొర వేషం మొత్తం సెట్టు దినానికి 450, డిపాజిట్ వెయ్యి. మీసం, గమ్ కలిపి 120. చిన్న పిల్లల కృష్ణుని వేషం 150 నుంచి ఉంది. ఆగస్టు పదిహేనుకు వారం ముందట పోతే గాంధీ వేషం ఒక్కటి కూడా మిగలదు, భగత్‌సింగ్ టోపీలైతే ఇంకా ముందట అయిపోతయి. దొర వేషం మాత్రం పధ్నాలుగు రాత్రి పోయినా దొరుకుతది. 'హీరో వేషానికి అందరు వస్తరు సార్, దొర వేషానికి మీరొక్కరే' అన్నడు అన్న. శుక్రవారం మధ్యాహ్నం మూడు దాక బంద్. ఫోన్ పే ఉంది, కాని డిపాజిట్ నగదే ఇయ్యాలె. సైకిల్ మోటారు సందుల పెట్టకండ్రి, కింది గాజుల దుకాణం ఆమె ఊకోదు.

కిరాయికి తీసుకునే ముందట గుండీలు వాళ్ల ముందటనే లెక్కవెట్టి ఫోన్ల ఫొటో తీసుకోండ్రి. బట్ట ఉతికే ఇస్తరు, గని చంకల కాడ ఒకసారి వాసన చూసుకోవాలె. కొలతల పని ఏదున్నా అన్నతోని మాట్లాడకండ్రి, 'వదినెను పిలువు' అనండ్రి.

నాలుగు స్టార్లు. ఐదోది బూట్ల కాడ ఆగింది. ఈడ పెద్దదంటే తొమ్మిదో నంబరే ఉంటది, నాది పదకొండు. మూడేండ్ల సంది మా దొర స్కూలు కాన్వాసు బూట్లకు నల్ల పాలిష్ పెట్టుకొనే రాజ్యం ఏలుతుండు. తెప్పిస్త అని అన్న చెప్పి రెండు ఆగస్టులయినయి.